కార్డుల కొట్టివేత

జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల పట్టణములలో ఏ పేదరాలి నడిగినను సర్కారు బియ్యమును "కంట్రోలు బియ్యము" అనియే చెప్పును. అవి యిచ్చు చోటు "కంట్రోలు దుకాణము". రెండవ ప్రపంచ యుద్ధపు నాళ్లలో ధాన్యముపై సర్కారు విధించిన నియంత్రణము నాటి మాట యది. ఆ యుద్ధము ముగిసినది. నిజాము రాజ్యము గతించినది. లెవీ ధాన్యము కొఱకు ఊళ్లమీద పడిన అధికారులును గతించిరి. 2016 అక్టోబరు 11వ తేదీన ఈ ప్రాంతము పాత కరీంనగరు జిల్లానుండి విడివడి జగిత్యాల, రాజన్న సిరిసిల్ల యను రెండు జిల్లాలైనది. మాట మాత్రము గతింపలేదు.

మాట నిలిచినంత మాత్రమున నష్టము లేదు. దాని వెనుకనున్న భావము నిలిచియుండుటయే మా ఫిర్యాదు. అన్నము ప్రజలది కాదు, సర్కారుది. సర్కారు తన పిడికిలి సడలించిన మేరకే పేదవాని కుండలో మెతుకు పడవలెను అనునదియే ఆ భావము. చట్టములో దీనికిప్పుడు చోటు లేదు. 2001లో పౌరహక్కుల ప్రజాసంఘము వేసిన వ్యాజ్యమున సుప్రీము కోర్టువారు ఆహార పథకములను ప్రజల హక్కులుగా నిర్ణయించి ఉత్తరువులిచ్చిరి. 2013లో పార్లమెంటు జాతీయ ఆహార భద్రతా చట్టమును చేసి ఆ హక్కును శాసనమున కెక్కించినది. ఇంటిలో పదునెనిమిదేండ్లు నిండిన స్త్రీలలో పెద్దదియే కార్డు యజమానురాలని ఆ చట్టమే చెప్పుచున్నది. ఇవ్వవలసిన ధాన్యమును ఇవ్వనిచో బదులుగ భత్యము చెల్లింపవలెననియు చెప్పుచున్నది. భిక్షకు భత్యముండదు, బాకీకే యుండును. అధికారుల కలమునకు మాత్రము ఈ మార్పు ఇంకను తెలిసినట్లు లేదు.

ప్రభుత్వము చేసిన మేలును మేము కాదనము. తెలంగాణ రాష్ట్రమేర్పడిన పిదప 2015 జనవరి మొదలు మనిషి కారు కిలోల చొప్పున, ఇంటికింతకు మించరాదను పరిమితి లేకుండ బియ్యమిచ్చిరి. 2025 ఉగాదినాడు హుజూర్‌నగరున ఆరంభించి దొడ్డుబియ్యమునకు మారుగ సన్నబియ్యము నిచ్చుచున్నారు. సన్నబియ్యము శ్రీమంతుల విస్తరికే తగునను పాత మదమును ఇది కొంత అణచినది. కాని బియ్యమెంత సన్ననివైనను పేరున్నవానికే కదా యిత్తురు! పేరు లేనివాని మాట యేమి? మేము విచారింపబూనిన దదియే.

కార్డు పోయినదని ఎవరైన వచ్చి చెప్పినప్పుడు మొదట అడుగవలసినది, పోయినది కాగితమా, పేరా యని. పూర్వమిట్లు గాదు. ఉమ్మడి రాష్ట్రమున తెల్లకార్డులు, గులాబికార్డులు నుండెడివి. అవి ట్రంకుపెట్టెలో దాచుకొనవలసిన వస్తువులు. చెదలు తిన్నను, వాననీటికి తడిసినను దిగులే. 2011లో రచ్చబండ సభలలో కూపనులు పంచిరి. 2014 తరువాత చాలమంది చేతికి గట్టి కార్డే రాలేదు. మీసేవ కేంద్రమున అచ్చు తీయించుకొన్న పలుచని కాగితమే కార్డైనది. ఆ కాగితము చిరిగిన నేమి, పొలమున జారిపోయిన నేమి? కార్డు సంఖ్య ఎక్కడనైన వ్రాసియున్నచో మీసేవలో మఱల నకలు తీసికొనవచ్చును. దుకాణములోని యంత్రము కాగితమును చూడదు. సంఖ్యను, వేలిముద్రను చూచును. కాబట్టి కాగితము పోయినచో పోవునది కొద్ది పైకము, ఒక పూట కూలి.

పేరు పోవుట వేఱు. అది నిశ్శబ్దముగ పోవును. నెల మొదటి దినములలో సంచి చంకబెట్టుకొని వరుసలో నిలిచి, తన వంతు వచ్చినప్పుడు వ్రేలు మోపిన పిదప "నీ కార్డు చూపుట లేదమ్మా" యని డీలరు చెప్పువఱకు ఆమెకు తెలియదు. ఎప్పుడు పోయినది? ఎవరు తీసిరి? ఏ కారణమున? డీలరు తహశీలు కచేరికి పొమ్మనును. తహశీలు కచేరిలో పైనుండి వచ్చిన దందురు. పైన నున్న దెవరు? యంత్రమట!

ఇది కల్పన గాదు. తెలంగాణ మేర్పడిన తరువాతి కొన్ని యేండ్లలో ఈ రాష్ట్రమున సుమారు 19 లక్షల కార్డులు కొట్టివేయబడెను. పలు ప్రభుత్వ శాఖల లెక్కలను జోడించి ఇంటింటి ఆస్తిపాస్తులను పసిగట్టు "సమగ్ర వేదిక" యను కంప్యూటరు ఏర్పాటు ఈ పనికి సాధనమైనది. ఒకే పేరు గల ఇద్దరిని యంత్రము ఒక్కనిగ జేసి, కారు లేని యింటికి కారు గలదని తేల్చిన ఉదంతములు పత్రికల కెక్కినవి. సిరిసిల్ల వాడలలో ఒకే యింటిపేరు, ఒకే పేరు గలవారు వీధికిద్దరుందురు; మనుష్యులకే పొరబాటు కలుగుచోట యంత్రమునకు కలుగదని ఎవరు పూచీపడిరి? ఒక సామాజిక కార్యకర్త వేసిన వ్యాజ్యమున 2022 ఏప్రిలులో సుప్రీము కోర్టువారు, కొట్టివేసిన కార్డులన్నిటిని క్షేత్రమునకు పోయి తనిఖీ చేయవలెనని రాష్ట్ర ప్రభుత్వమును ఆదేశించిరి. అట్లు మఱల విచారించిన 2 లక్షల పైచిలుకు అర్జీలలో 15 వేలకు పైగా కుటుంబములు నిజమైన అర్హులని ఆ యేటి జూలై నాటికి సర్కారువారి లెక్కలలోనే తేలినది. ఇంటికి నలుగురేసి చొప్పున గుణించినచో అరువదివేలమంది. 2011 జనగణన నాటి కోరుట్ల పట్టణమునకు దాదాపు సరివచ్చు జనము! ఒక పట్టణమంత జనమును ఆకలి కప్పగించి, విచారణ లేక, సంజాయిషీ లేక కలము ముందుకు సాగినది.

అనర్హులు లేరా యని అధికారులు మమ్ముల నడుగుదురు. ఉన్నారు, మేమెఱుగుదుము. ఊళ్లలో లక్షన్నర, పట్టణములలో రెండు లక్షల వార్షికాదాయమును మించినవారికి, మూడున్నర యెకరముల తరిని గాని ఏడున్నర యెకరముల మెట్టను గాని మించినవారికి కార్డు కూడదని నియమము. దానిని మించినవారు కార్డులు దాచుకొన్న మాట నిజము. వారిని తొలగింపుడు, మేము అడ్డుచెప్పము. కాని దొంగకును వకీలు నిచ్చు దేశమిది. హంతకుని మాటయైన విని గాని న్యాయాధిపతి శిక్ష వ్రాయడు. ముసలమ్మ బియ్యమును ఆపుటకు మాత్రము ఒక నోటీసు కాగితము, ఒక వాయిదా దినము అక్కరలేదా?

మనుష్యులు చాలరని చెప్పుట చెల్లదు. 2014 ఆగస్టు 19వ తేదీన రాష్ట్రమంతట ఒక్కనాడే సమగ్ర కుటుంబ సర్వే జరిపిరి. ఆనాడు ఇంట లేనివాడు లెక్కకు రాడను భయమున భివండి నుండి, ముంబయి నుండి కూలిజనము బస్సులలో, రైళ్లలో క్రిక్కిరిసి సొంత ఊళ్లకు పరుగెత్తి వచ్చిరి. పేరు వ్రాసికొనుటకు గడప గడపకు మనిషిని పంపగలిగిన ప్రభుత్వము, పేరు కొట్టివేయునప్పుడు ఆ గడపకే మఱొకమారు మనిషిని పంపలేకపోయినదట! మఱి 1978 అక్టోబరులో ఇదే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతములని ప్రకటింప దలచినప్పుడు అధికారయంత్రమునకు కాగితపు కొఱత గాని కలపు కొఱత గాని కలుగలేదు. పోలీసుల నంపుటకు ప్రకటన యుండును. బియ్యమాపుటకు ప్రకటన యుండదు.

కార్డు కొట్టివేతచే ఏమి సంభవించునో దేశమెఱుగును. 2017 సెప్టెంబరులో ఝార్ఖండులోని సిమ్డేగా జిల్లాలో పదకొండేండ్ల దళిత బాలిక అన్నమడుగుచు ప్రాణము విడిచినదని ఆమె తల్లి చెప్పినది. ఆ కుటుంబపు కార్డు ఆధారుతో ముడిపడలేదను నెపమున అంతకుముందే రద్దయియుండెను. ఆకలిచావు గాదు, జ్వరమని అధికారులు వాదించిరి. ఏ జ్వరమైనను ఖాళీకడుపుతో పోరాడు పిల్ల ఎన్నినాళ్లు పోరాడును? అది ఝార్ఖండు, ఇది తెలంగాణమని మనవారు నిశ్చింతగ నుండరాదు. మరమగ్గముల సంక్షోభమున సిరిసిల్లలో కార్మికులు వరుసగ ప్రాణములు తీసికొన్న దినములను ఈ ప్రాంతపు చదువరులు మఱచియుండరు.

మన మూడు పట్టణముల బ్రతుకుతెరువులను చూడుడు. ఒక్కొక్క తెరువునకును ఈ యంత్రపు లెక్క ఎక్కడనో ఒకచోట అడ్డు తగులుచున్నది.

సిరిసిల్ల సాంచాలు ఆగిననాడు సాంచాల కార్మికుడు భివండికి గాని, సూరతుకు గాని పోవును. 2025 జూలైలో కేంద్ర ప్రభుత్వమువారు పంపిణీ ఉత్తరువును సవరించి, ఆరునెలలు సరుకు తీసికొనని కార్డును తాత్కాలికముగ నిలిపి, మూడునెలలలో విచారింపవలెనని విధించిరి. పొట్ట చేతబట్టుకొని పోయినవాడు ఆ మూడునెలలలో విచారణకు దొరకునా? ఏ రాష్ట్రముననైనను బియ్యము తీసికొనవచ్చును గదా యని సమాధానము చెప్పుదురు. 2019 ఆగస్టులో తెలంగాణ, ఆంధ్రప్రదేశ్‌ల నడుమను, గుజరాతు, మహారాష్ట్రల నడుమను ఆరంభమై పిమ్మట దేశమంతట వ్యాపించిన ఆ యేర్పాటు మంచిదే. కాని అది కేంద్ర చట్టము క్రింది కార్డులకే చెల్లును. రాష్ట్ర ప్రభుత్వము తన ఖర్చుతో నిచ్చిన కార్డులకు పొలిమేర దాటిన విలువ లేదు. తన కార్డు ఏ తరగతిదో కార్మికునికి విడమరచి చెప్పిన దెవరు? భివండి దుకాణమువాడు లేదు పొమ్మన్ననాడు గాని అతనికి తెలియదు.

కోరుట్ల, జగిత్యాల వాడలలోను, సిరిసిల్లలోను స్త్రీలు బీడీలు చుట్టుదురు. దినమునకు వందల కొలది బీడీలు తునికాకులో చుట్టి చుట్టి వ్రేళ్ల కొనలు అరిగిపోవును. ఆ వ్రేలిని దుకాణపు యంత్రముపై మోపినచో యంత్రము గుర్తింపదు. కంటిపాపను చూచు సాధనము కలదందురు. అది అన్నివేళల పనిచేయునా, నెట్టువర్కు అందునా యనునది ఆ దినపు అదృష్టము. ఈ దేశపు పొగత్రాగువారి సుఖము కొఱకు అరిగిన వ్రేళ్లకు ఈ దేశపు అన్నము దొరకకుండుట కంటె వింత యేమున్నది?

ఇక జగిత్యాల ప్రాంతమున మూడవ తెరువు గల్ఫు. భర్త దుబాయిలోనో మస్కటులోనో యుండును. 2023 నుండి కార్డులోని ప్రతి మనిషియు దుకాణమునకు వచ్చి వేలిముద్ర వేసి గుర్తింపు రుజువు చేసికొనవలెనని అధికారులు పట్టుబట్టినప్పుడు, ఈ యిండ్ల స్త్రీలు ఎంత కలవరపడిరో వారి యిరుగుపొరుగువారి కెఱుకయే. ఇక్కడ లేని మనిషి వంతు బియ్యము అక్కరలేదు. అది అడుగుట న్యాయమును గాదు. ఈ విషయమున సర్కారు వాదము సరియైనదే. కాని అతని పేరు ప్రక్కన గుర్తుపెట్టి, వంతు ఆపి, తిరిగివచ్చిననాడు మఱల చేర్చుట యెంత పని? ఎడారిలో కూలిచేయువాడు పనిపోయి, రోగియై, చేతిలో చిల్లిగవ్వ లేక ఇల్లు చేరిననాడే అతనికి కార్డు కావలసివచ్చును. ఆనాడు కొత్త అర్జీ పెట్టుకొని యేండ్లతరబడి చూడుమనుట ఎక్కడి ధర్మము?

యేండ్లతరబడి యను మాట మేము ఊరక వాడలేదు. 2021 జూలైలో సుమారు మూడు లక్షల కొత్త కార్డులు ఇచ్చిరి. దానికి ముందును వెనుకను అర్జీలు కచేరిలలో దుమ్ముకొట్టుకొనియుండెను. పెండ్లియైన బిడ్డ పేరు పుట్టింటి కార్డునుండి తీయుటకు ఆలస్యము లేదు. అత్తింటి కార్డులో చేర్చుటకు మాత్రము యేండ్లు పట్టినది. ఆమెకు పుట్టిన పిల్లలు బడికి పోవుచుండిరి. సర్కారు బియ్యపు లెక్కలో మాత్రము ఇంకను పుట్టనే లేదు. తీసివేతకు తెఱచియున్న తలుపు చేర్పునకు మూసియుండెను. పాలకపక్షము మారినది, 2025 జనవరిలో కొన్ని గ్రామములలో ఆరంభించి, జూలై 14న సూర్యాపేట జిల్లా తిరుమలగిరిలో సభ జరిపి కొత్త కార్డులు పంచిరి. సంతోషము. కాని కార్డు పంపిణీకి సభ యెందులకు, పూలదండ యెందులకు? పుట్టినవానికి జనన పత్రమిచ్చుటకు మంత్రిగారు వేదిక యెక్కుదురా? దయగా ఇచ్చినదానిని దయ తప్పినప్పుడు తీసికొనవచ్చునను భావము ఆ పూలదండలోనే యున్నది.

ఈ కొఱతకు మఱియొక కారణము కలదు. అది మన చదువరుల నంటును గనుక కొంచెము కటువుగ చెప్పెదము. 2015 మార్చి 20 నాటి కేంద్ర పంపిణీ ఉత్తరువు, రేషను కార్డును గుర్తింపునకు గాని నివాసమునకు గాని రుజువుగ వాడరాదని శాసించినది. మన ప్రభుత్వములు ఏమి చేసినవి? 2007లో వచ్చిన ఆరోగ్యశ్రీకి కార్డు. ఆడపిల్ల పెండ్లి సాయమునకు కార్డు. ఐదువందలకు గ్యాసుబండ కావలెనన్న కార్డు. 2024లో రైతు రుణమాఫీకి కుటుంబమును నిర్ణయించుటకును కార్డే. అన్నపు చీటిని సర్వద్వారములకు తాళపుచెవి జేసిరి. ఇక బియ్యము ముట్టనివాడును కార్డుకై పరుగెత్తక యేమి చేయును? మేడ కట్టినవాడును, అంగడి నడుపువాడును, కొడుకు విదేశములలో లక్షలార్జించువాడును "ఉండనిమ్ము, ఎందులకైన పనికివచ్చు" నని కార్డు దాచుకొనెను. వాని నడ్డుకొనుటకు సర్కారు వల వేసెను. వలలో పెద్దచేప తప్పించుకొన్నది, పిత్తపరిక పడినది. పత్రిక చేతబట్టుకొని అవినీతిని గూర్చి నిట్టూర్చు ఓ పెద్దమనిషీ, నీ బీరువాలో నున్న కార్డు మాట యేమి?

బియ్యము నమ్ముకొనువారి సంగతియు ఇంతే. ఇంటికి వచ్చిన బియ్యమును చిల్లర ధరకు దళారి కమ్మగా, అవి మిల్లుకు చేరి మెఱుగు పెట్టుకొని మఱల సర్కారుకే వచ్చు చోద్యము మన ప్రాంతమున దాపరికము గాదు. అప్పు క్రింద కార్డును, దానితో వేలిముద్రను తాకట్టు పెట్టినవారి కథలును వినుచున్నాము. సరుకిచ్చిన పిమ్మట కార్డును డీలరు తన వద్ద నుంచుకొనరాదని పంపిణీ ఉత్తరువులలోనే యున్నది. డీలరు కాదనినచో అడుగువాడు లేడు, అడుగునట్టి మాట తెలిసినవాడు అంతకంటె లేడు.

సర్కారు చేయవలసినది స్పష్టము. ఏ పేరునైనను కొట్టివేయుటకు ముందు ఆ యింటి యజమానురాలి చేతికి తెలుగులో నోటీసు అందవలెను. కారణము పేరు పేరున చెప్పవలెను. వాయిదా తీఱి ఉత్తరువు వచ్చువఱకు బియ్యము ఆగరాదు. కొట్టివేసిన పేర్ల పట్టికను దుకాణపు గోడకు అంటింపవలెను. యంత్రము అనుమానింపవచ్చును గాని తీర్పు చెప్పరాదు. తీర్పు క్రింద ఒక అధికారి సంతకముండవలెను, ఆ సంతకమునకు అతడు జవాబుదారిగ నుండవలెను. చట్టమున జిల్లాకొక ఫిర్యాదుల అధికారిని, రాష్ట్రమునకొక ఆహార కమిషనును, దుకాణ దుకాణమునకు నిఘా సంఘమును ఏర్పఱచిరి. ఈ మూడు పట్టణములలో దుకాణపు నిఘా సంఘములో సభ్యులెవరో ఆ దుకాణమునకు పోవువారిలో నూటికొక్కనికైన తెలియునా?

సర్కారు మేలుకొనువఱకు మన పఠనమందిరములు ఊరకుండ నక్కరలేదు. నిజాము నాళ్లలో గ్రంథాలయమే ప్రజలకు వకీలు, గురువు నైన ప్రాంతమిది. వారమునకొక సాయంకాలము చదువుకొన్న యువకుడొకడు బల్లవద్ద కూర్చుండి, వచ్చిన స్త్రీల కార్డు సంఖ్యలను వారి పిల్లల నోటుపుస్తకముల అట్టమీద వ్రాసియిచ్చినను చాలును. కాగితము పోయిననాడు అదియే రక్ష. కార్డులోని పేర్లు చదివి వినిపింపవలెను. చచ్చినవారి పేర్లు తామే తీయించుకొనునట్లు, పుట్టినవారి పేర్లు వెంటనే చేర్పించునట్లు చెప్పవలెను. భివండికి పోవువానికి కార్డు ఏ తరగతిదో ముందే చూచి చెప్పవలెను. కొట్టివేసిన పేరుకు అర్జీ వ్రాసిపెట్టి, 1967 సంఖ్యకు ఫోను చేయించి, ఆ ఫిర్యాదు సంఖ్యను, తేదీని, మీసేవ రసీదు నకలును ఒక పుస్తకములో నమోదు చేసి పఠనమందిరముననే యుంచవలెను. మూడు పట్టణముల పుస్తకములను ప్రక్కప్రక్కన పెట్టి జిల్లా అధికారి యెదుట చదివిననాడు, నోటీసు లేక కొట్టివేసిన పేర్లెన్నియో ఆయన బల్లమీదనే లెక్క తేలును.